చర్చ: కారెన్ బ్లిక్సెన్ ఆఫ్రికా పుస్తకాన్ని ఈనాడు ఎలా చదవాలి?

పాతపుటలు:
డెన్మార్క్ రచయిత్రి కారెన్ బ్లిక్సెన్‌ను వలస దొరసాని అని ఒక్క మాటతో పక్కన పెట్టేయడం అన్యాయమని నా అభిప్రాయం. ఆమె 1885లో కోపెన్‌హాగెన్‌కు ఉత్తరాన ఉన్న రుంగ్‌స్టెడ్‌లో పుట్టింది. 1914లో మొంబాసాలో పెళ్లి చేసుకుని, కెన్యాలోని నైరోబీ దగ్గర న్గాంగ్ కొండల పాదాన కాఫీ తోట నడిపి, 1931లో అప్పుల్లో దాన్ని పోగొట్టుకుని, నలభై ఆరేళ్ల వయసులో వట్టి చేతులతో తల్లి ఇంటికి చేరింది. అక్కడి నుంచే, ఐజాక్ డినెసెన్ అనే మగ పేరుతో, ‘సెవెన్ గోథిక్ టేల్స్’ (1934), ఆ తోట జ్ఞాపకాలైన ‘ఔట్ ఆఫ్ ఆఫ్రికా’ (1937) వంటి పుస్తకాలు వెలువడ్డాయి. అంతకంటే ముఖ్యమైన విషయం ఒకటుంది. తోట అమ్ముడుపోయాక తలో దిక్కుకూ చెదిరిపోవలసిన, ఆ తోటలో బతికే స్థానిక కికుయు తెగ కుటుంబాలకు ఆమె అధికారుల చుట్టూ తిరిగి, దగోరెట్టి అడవిలో ఒకేచోట భూమి ఇప్పించింది. దోచుకున్నవాళ్లు చేసే పని కాదది.

నల్లరేగడి:
పాతపుటలు గారూ, ‘ఇప్పించింది’ అన్న మాట దగ్గరే నేను ఆగిపోయాను. ఎవరి భూమిని ఎవరికి ఇప్పించింది? ఆమె చేతిలో ఉన్నది ఆరు వేల ఎకరాలు. అందులో సుమారు వెయ్యి ఎకరాల్లో స్క్వాటర్లు, అంటే దొర భూమిలో కొద్దిపాటి చేను చేసుకుంటూ, బదులుగా ఏడాదిలో 180 రోజులు దొరకు పనిచేయవలసిన కుటుంబాలు, ఉండేవారు. తెల్లవారికి 999 ఏళ్ల కౌలు రాసిచ్చిన 1915 నాటి చట్టం కింద ఆ దేశస్థులు తమ నేల మీదే దిక్కులేనివారయ్యారు. కెన్యా రచయిత గూగీ వా థియాంగో తన జైలు డైరీలో ఈ రచయిత్రిని ఎందుకు అంత తీవ్రంగా విమర్శించాడో ఆలోచించండి. వంటవాడు కమాంతే తనకు ఇష్టమైన తిండి తెచ్చి పెట్టడాన్ని ఆమె దేనితో పోల్చిందో తెలుసా? మనుషుల మధ్య చాలాకాలం బతికిన కుక్క యజమాని ముందు ఎముక తెచ్చి పెట్టడంతో.

సముద్రఘోష:
గూగీ రచనలను వరవరరావు గారు 1980లలో జైల్లో ఉండగా తెలుగు చేశారు. బ్లిక్సెన్‌ను చదవకముందే ఆమె మీది విమర్శను చదివినవాళ్లు మనలో చాలామంది ఉంటారు. నేనూ అలాంటివాడినే.

పాతపుటలు:
ఆ పోలికను నేను సమర్థించను. కానీ మీరు చెప్పని వాక్యం ఒకటి ఆ పుస్తకంలోనే ఉంది. స్క్వాటర్లలో చాలామంది అక్కడే పుట్టారనీ, వాళ్ల తండ్రులూ అక్కడే పుట్టారనీ, బహుశా వాళ్లు తననే తమ నేల మీద కాస్త పెద్దరకం స్క్వాటర్‌గా చూసి ఉంటారనీ ఆమె రాసింది. 1937లో ఎందరు తెల్లవాళ్లు ఈ మాట రాయగలిగారు? భూమిని లాక్కుంటే గతాన్నీ వేళ్లనూ కూడా లాక్కున్నట్టేనని రాసిందీ ఆమే.

నల్లరేగడి:
రాసింది. రాసి కూడా ఆ 180 రోజుల పని చేయించుకుంది. తెలియక చేసినవారి కంటే తెలిసి చేసినవారి బాధ్యత ఎక్కువ.

కాఫీగింజ:
ఆ తోట సముద్రమట్టానికి చాలా ఎత్తున ఉంది. కాఫీకి అంత ఎత్తు పనికిరాదు. ఆమె నష్టపోవడానికి అది ఒక ప్రధాన కారణం.

పాతపుటలు:
నల్లరేగడి గారూ, మీరు ఆ ఒక్క అంకెను పట్టుకుని ఒక జీవితాన్నే కొలుస్తున్నారు. కికుయు పెద్ద కినాంజుయి చావుబతుకుల్లో ఉండి, తనను మిషన్ ఆసుపత్రికి పోనివ్వకుండా ఆమె ఇంటికి తీసుకుపొమ్మని అడిగాడు. ఆమె నిరాకరించింది. ఆ పిరికితనాన్ని ఆమె దాచకుండా రాసింది. తనను తాను గొప్ప చేసుకునే రచయిత్రి ఆ పుటను చింపేసేది.

నల్లరేగడి:
నిజాయితీగా రాసిందన్నంత మాత్రాన ముసలాయన ఆమె ఇంట్లో చనిపోగలిగాడా?

పాతపుటలు:
మీతో వాదించడం వృథా. యజమానులందరూ రాక్షసులని మీరు ముందే తీర్పు రాసుకుని వచ్చారు. 1973 భూపరిమితి చట్టం కింద మా తాతగారి భూమి పోయినప్పుడు ఆయన చెరువుగట్టు మీద కూర్చుని ఏడవడం నేను చిన్నప్పుడు చూశాను. ఆ ఏడుపు అబద్ధమని ఎవరన్నా నేను ఒప్పుకోను. భూమిని పోగొట్టుకున్నవారు యజమానులైనంత మాత్రాన వారికి దుఃఖించే హక్కు లేదా?

నిర్వాహకులు:
సభ్యులు వ్యక్తిగత నిందలకు దిగకుండా పుస్తకం మీదే మాట్లాడవలసిందిగా మనవి.

నల్లరేగడి:
పుస్తకం గురించే చెబుతాను, కానీ మా ఇంటి నుంచి మొదలుపెట్టక తప్పదు. మా తాత ఒక ఇంట్లో ముప్పై ఏళ్లకు పైగా పాలేరు. వాళ్లు ఆస్తి అమ్ముకుని పట్నం పోయినప్పుడు, మేమున్న గుడిసె కూడా వాళ్ల స్థలంలోనిదే కనుక మమ్మల్ని వారంలో ఖాళీ చేయమన్నారు. చాలా ఏళ్ల తర్వాత ఆ ఇంటివాళ్లు తమ ఊరి జ్ఞాపకాలను పుస్తకంగా అచ్చు వేసుకున్నారు. అందులో మా తాత గురించి అరపేజీ ఉంది: ఎంత నమ్మకస్తుడో, పిల్లల్ని ఎలా భుజాన మోసేవాడో. ఆయన పేరు మాత్రం లేదు, వాళ్లు పిలిచే ముద్దుపేరే ఉంది. మా అమ్మ ఆ పేజీ విని ఏమీ మాట్లాడకుండా లేచి వెళ్లిపోయింది. మీ తాతగారి ఏడుపు అబద్ధమని నేను అనను. ఆ ఏడుపు పుస్తకమవుతుంది, మా అమ్మ మౌనం కాదు. నా తగాదా అంతా అక్కడే.

సముద్రఘోష:
కమాంతే చెప్పిన జ్ఞాపకాలను పీటర్ బియర్డ్ అనే ఫోటోగ్రాఫర్ 1975లో పుస్తకంగా తెచ్చాడు. ఆయన కూడా తెల్లవాడే అన్నది నిజమే అయినా, అవతలి గొంతు పూర్తిగా లేదని మాత్రం అనలేము.

కథలపెట్టె:
ఆఫ్రికా దగ్గరే అందరూ ఆగిపోయారు. ఆమె అసలు ప్రతిభ కథల్లో ఉంది. ‘బాబెట్స్ ఫీస్ట్’లో పారిస్ నుంచి పారిపోయి వచ్చిన వంటమనిషి, తనకు తగిలిన లాటరీ డబ్బంతా ఒక్క రాత్రి విందుకు ఖర్చు చేస్తుంది. 1954లో నోబెల్ అందుకున్న హెమింగ్వే, అది ఆమెకు దక్కి ఉంటే తాను మరింత సంతోషించేవాడినన్నాడు.

పాతపుటలు:
నల్లరేగడి గారూ, మీ అమ్మగారి విషయం చదివాక రెండు రోజులు ఏమీ రాయలేకపోయాను. బ్లిక్సెన్ వాక్యాల మీద నా అభిప్రాయం మారలేదు. అవి ఇప్పటికీ నాకు గొప్పవే. అయితే దగోరెట్టి అధ్యాయాన్ని మళ్లీ తీసి చదివాను. తమను విడదీయకుండా, పశువులతో సహా ఒకేచోట ఉంచాలన్న కోరిక మొదట కికుయు కుటుంబాలదే. వాళ్లే ఆమె దగ్గరికి వచ్చి అడిగారు. ఆమె ఆ కోరికను అధికారుల దాకా మోసింది. నేను మొదటి టపాలో ‘ఆమె ఇప్పించింది’ అని మాత్రమే రాశాను.

నల్లరేగడి:
ఆ అధ్యాయాన్ని నేను ఇంతవరకూ ఆమె మంచితనపు కథగానే చదివి విసుక్కున్నాను. ఇప్పుడు వాళ్లు ఏం అడిగారో వెతుక్కుంటూ చదువుతాను. 180 రోజుల సంగతి మాత్రం వదలను.