జనం ఎక్కువైపోవడమే అసలు సమస్యా? అటెన్‌బరో మాట మీద చర్చ

గోదారిగట్టు:
ప్రకృతి మీద సినిమాలు తీసే బ్రిటన్ పెద్దాయన డేవిడ్ అటెన్‌బరో డాక్యుమెంటరీ ‘ఎ లైఫ్ ఆన్ అవర్ ప్లానెట్’ నిన్న రాత్రి మా అమ్మాయితో కలిసి చూశానండి. ఆయన పదకొండేళ్ల పిల్లాడప్పుడు, 1937లో, ప్రపంచ జనాభా 230 కోట్లంట, మనిషి చెయ్యి పడని నేల 66 శాతం. 2020కొచ్చేసరికి 780 కోట్లు, 35 శాతం. ఒక్క మనిషి కళ్ల ముందే! ఎన్ని సోలార్ ప్యానెళ్లు పెట్టినా జనం తగ్గకపోతే ఏం లాభం, మూలం అదేగా? ఈ మాటంటే అందరూ మీద పడతారు, ఆయన మాత్రం 2009 నుంచి జనాభా తగ్గాలనే బ్రిటన్ సంస్థకి పేట్రన్‌గా, అంటే పెద్దదిక్కుగా ఉండి మరీ చెప్తున్నాడు.

పాలమూరోడు:
అన్నా, నేను గూడ చూసిన, ఆయనంటే గౌరవమే. కానీ 2013ల ఒక ఇంటర్వ్యూల మనుషులు భూమికి పట్టిన తెగులు అన్నడు, ఇథియోపియా కరువుకు అక్కడ జనం ఎక్కువైపోవుడే కారణమన్నడు. గదే నాకు మింగుడు పడలే. ఇథియోపియాల ఒక మనిషి ఏడాదికి వదిలే కార్బన్ పావు టన్ను గూడ ఉండదు, మనది 2 టన్నులు, అమెరికాది 14. మా తాతకు ఎనిమిదిమంది పిల్లలు, ఇంట్ల ఒక్క సైకిల్. నాకు ఒక్కతే బిడ్డ, కారు, రెండు ఏసీలు. ఎవలెక్కువ కాలుస్తున్నరు చెప్పు? ఇంకోటి, జనం ఎక్కువైతున్నరన్న భయంతోటే 1976-77ల దేశంల 80 లక్షలకు పైన కుటుంబ నియంత్రణ ఆపరేషన్లు చేసిన్రు, పట్టుకపోయింది ఎక్కువ బీదోళ్లనే.

గోదారిగట్టు:
బలవంతం చెయ్యమని ఆయనెక్కడన్నాడండీ? ఆ సినిమాలో చెప్పిందల్లా పేదరికం తగ్గించండి, ఆడపిల్లల్ని ఎక్కువ ఏళ్లు చదివించండి అనేగా. మా అమ్మకి పదమూడేళ్లకే పెళ్లి, ఏడు కాన్పులు, బతికింది నలుగురం, నీకు ఎంతమంది కావాలని ఆవిడని ఒక్కరూ అడగలేదు. అందుకే ఆ మాట నాకంత తగిలింది. కారూ ఏసీ సంగతి ఒప్పుకుంటా, కానీ రేపు అందరికీ కావాలిగా అవి, మా రాజమండ్రి ఎండల్లో వద్దని ఎవరికి చెప్తాం?

చీనీతోట:
ఇద్దరూ ఒకటి వదిలేసినారు. 2019-21 కుటుంబ ఆరోగ్య సర్వేలో ఒక్కో ఆడమనిషికి పిల్లలు సగటున ఆంధ్రలో 1.7, తెలంగాణలో 1.8, జనాభా తగ్గకుండా ఉండాలంటే 2.1 కావాల. ఇద్దరికంటే ఎక్కువమంది ఉంటే పంచాయతీ ఎన్నికల్లో నిలబడకూడదనే రూల్‌ని 2024లో ఏపీ ఎత్తేసింది గూడా, ఇప్పుడు ఇంకా కనండి అంటాండారు. అప్పుడూ ఇప్పుడూ ఆడదాన్ని అడిగేది మాత్రం లేదు. జనం తగ్గితే నేల కోలుకుంటుందంటే మా అనంతపురం పక్క ఊరు చూడండి, మా వీధిలోనే నాలుగిండ్లకు తాళాలు, బడిలో పిల్లోళ్లు సగమైనారు. నా చిన్నప్పుడు నూరడుగుల్లో పడే నీళ్లు ఇప్పుడు వెయ్యడుగులు పోయినా దుమ్మే లేస్తాంది. ఆ నీళ్లు ఊరోళ్లు తాగి అయిపోలేదు, చీనీకి (బత్తాయికి), దానిమ్మకి పెట్టినాం, కాయలు లారీల్లో ఢిల్లీకి పోయినాయి. మా నాయన వేసిన బోర్లు ఏడు, ఎండిపోయినవి ఆరు.