అరటికాయ బజ్జీ 10 నిమిషాల్లో మెత్తబడిపోతోంది, ఎక్కడ తప్పు?

పాలకొల్లు వంటిల్లు:
మూకుట్లోంచి తీసినప్పుడు కరకరలాడుతున్నాయండి. 10 నిమిషాలు గడిచేసరికి తోలులా సాగుతున్నాయి. కొన్నిటికి ముక్క ఒకవైపు, పై తొడుగు ఒకవైపు ఊడొస్తోంది. కింద కాగితమంతా నూనె. కొలతలు ఇవీ: ప్యాకెట్ శనగపిండి 200 గ్రాములు, వరిపిండి ఒక టీస్పూను, వంటసోడా అర టీస్పూను, ఉప్పు, కారం, వాము. నీళ్ళు కంటి అంచనాకి పోస్తున్నాను. బొంత అరటికాయ ముక్కల్ని నీళ్ళలోంచి తీసి తీసినట్టే ముంచేస్తున్నాను. ముసురు పట్టిన రోజుల్లో అయితే మరీ ఘోరం. మిరపకాయ, వామాకు కూడా ఇదే పిండిలో వేస్తాను. దేన్ని మార్చాలో చెప్పండి.

లంకల అరటి:
మీరు రాసినదాంట్లోనే రెండు తప్పులు దొరుకుతున్నాయండి. ఒకటి సోడా, రెండోది తడి.

200 గ్రాములకి అర టీస్పూను సోడా చాలా ఎక్కువ. సోడా పిండిని గుల్లచేస్తుంది. గుల్ల మితిమీరితే ఆ చిల్లుల్లోకి నూనె దూరుతుంది, మీ కాగితం తడిసేది అందుకే. రంగు కూడా తొందరగా ఎర్రబడిపోయి, లోపల ముక్క పచ్చిగా ఉండగానే వేగిపోయినట్టు కనిపిస్తుంది. రెండు వేళ్ళకి వచ్చినంత చిటికెడు చాలు. అదీ నూనె కాగాక, మొదటి వాయి వెయ్యబోయే ముందు కలపాలి. అరగంట ముందే కలిపితే గ్యాసంతా గిన్నెలోనే పోతుంది.

ఇక తడి. ముక్క మీద నీళ్ళుంటే అవి నూనెలో ఆవిరై ముక్కకీ పిండికీ నడుమ బుడగ కడతాయి. తొడుగు ఊడేది అక్కడే. ముక్కలు నల్లబడకుండా మజ్జిగ నీళ్ళలో వేసుకోండి, తప్పులేదు. ముంచే ముందు మాత్రం పొడిగుడ్డ మీద పరిచి రెండువైపులా అద్దండి. పైన పొడి వరిపిండి పల్చగా చల్లి దులిపి, అప్పుడు ముంచండి. ముక్క నిలువుగా, 3 నుంచి 4 మిల్లీమీటర్ల మందం ఉండాలి. రావులపాలెం వైపు గెలల్లో వచ్చే బాగా ముదిరిన కాయ అయితే 3 చాలు. పండుబారిన కాయ వద్దు, దాని తీపికి బజ్జీ ముందే నల్లబడుతుంది.

గరిటెజారు:
పిండి కొలత నేను రాస్తాను. శనగపిండి 200 గ్రాములు, పొడి వరిపిండి 30 గ్రాములు, అంటే పెద్ద చెంచాతో మూడు. మీ ఒక్క టీస్పూను ఏ మూలకీ రాదు. శనగపిండి ఒక్కటే అయితే పై తొడుగు మెత్తగా ఉంటుంది, దానికి బిరుసునిచ్చేది వరిపిండే. కానీ 50 గ్రాములు దాటిస్తే కరకర పోయి రాయిలా తయారవుతుంది. అరిసెలకి పట్టించిన తడిపిండి పనికిరాదు. ఉప్పు టీస్పూను, కారం అర టీస్పూను, నలిపిన వాము అర టీస్పూను. బాగా కాగిన నూనె రెండు టీస్పూన్లు పొడిపిండి మీద పోసి కలిపితే గుల్లదనం వస్తుంది, సోడా మీద అంత ఆధారపడక్కర్లేదు.

నీళ్ళు ముందు 200 మిల్లీలీటర్లు పోసి ఉండ లేకుండా కలిపి, తర్వాత చెంచా చెంచాగా పొయ్యండి. మొత్తం 220 నుంచి 240 దాకా పట్టొచ్చు, పిండిని బట్టి మారుతుంది. గరిటె ఎత్తితే ధార తెగకుండా జారాలి, జారిన గీత పిండి మీద రెండు సెకన్లు నిలబడి కలిసిపోవాలి. గీత వెంటనే మాయమైతే పల్చన, అలాగే ఉండిపోతే గట్టి. కలిపాక ఒకే వైపు తిప్పుతూ 3 నిమిషాలు గిలకొట్టండి. రంగు తేలికపడుతుంది. చుక్క తీసి నీళ్ళలో వేస్తే తేలాలి. అంత గిలకొట్టిన పిండికి నా లెక్కలో సోడా అసలు అక్కర్లేదు, పైన చిటికెడు అన్నవారితో నేను ఏకీభవించను.

పప్పు మరపట్టించుకునే వీలుంటే కేజీ పచ్చిశనగపప్పుకి 100 గ్రాముల బియ్యం కలిపి మెత్తగా ఆడించుకోండి. అప్పుడు వరిపిండి సగం తగ్గించాలి.

కాకినాడ మూకుడు:
పిండి ఎంత బాగున్నా నూనె వేడి కుదరకపోతే అంతా వృథానండి. 175 నుంచి 180 డిగ్రీలు ఉండాలి. థర్మామీటరు లేకపోతే పిండి చుక్క వెయ్యండి. అడుక్కి పోయి వెంటనే పైకి తేలాలి. అడుగునే కూర్చుంటే కాగలేదు, పడీ పడగానే నల్లబడితే మితిమీరింది. లీటరు నూనెకి వాయికి ఐదారు బజ్జీలే. ఎక్కువేస్తే వేడి ఒక్కసారిగా పడిపోయి పిండి నూనె తాగుతుంది.

చెవి కూడా పెట్టండి. వెయ్యగానే పెద్ద బుడగలతో గలగలమంటుంది, అది పిండిలోని నీరు పోయే చప్పుడు. బుడగలు చిన్నవై మోత సన్నగిల్లితే నీరు చాలామటుకు పోయినట్టే. చాలామంది రంగు చూసి గలగల ఉండగానే తీసేస్తారు. లోపల మిగిలిన ఆ తడే బయటికొచ్చి బజ్జీని మెత్తబరుస్తుంది.

ముసురులో రెండుసార్లు వేయించడమే మార్గం. మొదట 160 దగ్గర రెండున్నర నిమిషాలు, లేత పసుపులో తీసెయ్యండి. 5 నిమిషాలు ఆరనిచ్చి, నూనె 185కి తెచ్చి ఒక్క నిమిషం. తీశాక జల్లిబుట్టలో నిలబెట్టినట్టు వెయ్యండి, ఒకదానిమీద ఒకటి పేర్చొద్దు, మూత అసలే పెట్టొద్దు. పళ్ళెంలో పరిస్తే అడుగున చేరిన ఆవిరి మళ్ళీ బజ్జీలోకే పోతుంది. న్యూస్ పేపరు మీద మాత్రం వెయ్యకండి, అచ్చు సిరా నూనెతో అంటుకుంటుంది.

పాలకొల్లు వంటిల్లు:
చాలా స్పష్టంగా చెప్పారండి. మిరపకాయకీ వామాకుకీ ఇదే పిండి సరిపోతుందా?

లంకల అరటి:
వామాకుకి రెండు చెంచాల నీళ్ళు ఎక్కువ పొయ్యండి. ఆకు మీద నూగుంటుంది కాబట్టి పల్చటి పిండి కూడా పట్టుకుంటుంది. కాడ పట్టుకుని ముంచి, వెనకవైపు గిన్నె అంచుకి ఒకసారి రాసి వదలండి. నిమిషంన్నరలో అయిపోతుంది.

మిరపకాయకి పిండి కాస్త చిక్కగా ఉండాలి, నున్నటి తొక్క మీద జారిపోతుంది. లేతపచ్చ బజ్జీ మిరపకాయ తీసుకుని నిలువుగా ఒక్క గాటే పెట్టి, గింజలు దువ్వేసి, చింతపండు గుజ్జు, ఉప్పు, వాము గట్టిగా నూరి పూయండి. గుజ్జు నీరుగా ఉంటే గాటులోంచి కారి నూనె చిటపటలాడి మీద పడుతుంది, జాగ్రత్త.

కాకినాడ మూకుడు:
కట్ మిర్చి కావాలంటే మొదటి వేపుడు 2 నిమిషాల దగ్గర ఆపేసి, ఒక్కోదాన్ని మూడు ముక్కలుగా కోసి, కోసిన అంచులు ఎర్రబడేదాకా మళ్ళీ నూనెలో వెయ్యండి. సన్నగా తరిగిన ఉల్లిపాయ, వేయించిన వేరుశనగపప్పు, నిమ్మరసం తినే నిమిషంలోనే కలపాలి. ముందే కలిపితే ఉల్లిపాయ నీరు ఊరి మళ్ళీ మెత్తబడతాయి.