‘తెరవకండి’లో ‘క’ ఊడిపోతే?

తమ్ముడూ, నువ్వు గ్రూపులో పెట్టిన సైన్స్ ఫిక్షన్ కథ చదివాను. మన చెన్నై తరమణిలో ఒక ల్యాబు, అందులోంచి బయటపడ్డ ఏదో శబ్దం, అది చెవిన పడ్డవాళ్ళకి వ్యాకరణం ఊడిపోవడం, ఐడియా అదిరింది. కానీ శబ్దం సోకిన వాచ్‌మన్ చేత “వెళ్ళాడు ఇంటికి వాడు నిన్న” అనిపించావు చూడు, అక్కడ నాకు భయం వెయ్యలేదు. మా మామయ్య మామూలుగానే అలా మాట్లాడతాడు! రాముడు రావణుణ్ణి చంపాడన్నా, రావణుణ్ణి రాముడు చంపాడన్నా చచ్చింది రావణుడే. మాటల వరస తారుమారైతే ఇంగ్లీషుకి ప్రమాదం, మనకి కాదు. మన వ్యాకరణం మాటల చివర్లో ఉంటుంది కాబట్టి నీ శబ్దం తినాల్సింది ఆ చివర్లనే.

ముందు ‘ని’ (‘రావణుణ్ణి’ చివర ఉన్నదే) పోయిందనుకో. కొన్నాళ్ళు ఎవరికీ తెలియదు, ఎందుకంటే టీ తాగాను, పేపర్ చదివాను అనేటప్పుడు మనం ఎలాగూ ‘ని’ వాడం. “పులి మనిషి చంపింది” అన్నా గట్టెక్కుతాం, ‘చంపింది’ అనగానే పని పులిదని తేలిపోతుంది. అసలు గొడవ “డాక్టర్లు రోగులు కొట్టారు” దగ్గర మొదలవుతుంది.

‘కి’ పోతే ఇంకో తమాషా. ‘ఇంటికి’లో ‘కి’ని తినేసినా ‘ఇంటి’ మిగులుతుంది, ‘ఇల్లు’ కాదు. చేతి, నూతి, కాలి కూడా అంతే. ఈ ఇ, టి, తి వర్ణాలకే చిన్నయసూరి 1858 నాటి బాలవ్యాకరణంలో ఔపవిభక్తికాలని పేరు పెట్టాడు, ఆయన మన మద్రాసులో పంతులే. నీ కథలో సైంటిస్టు ఆ మిగిలిన ముక్క పట్టుకుని ఇక్కడ ఏదో ఉండేదని కనిపెట్టొచ్చు. ఊరి పేర్లకి ఆ రక్షణ లేదు. ‘నుంచి’ కూడా పోయి “గిండీ తాంబరం పారిపోండి” అని మైకులో వస్తే ఎటు నుంచి ఎటు పరిగెత్తాలి?

ఇవన్నీ చిన్నవి. నాకు నిజంగా టెన్షన్ పుట్టించేది నీ కథలో ఆ తలుపు. “తలుపు తెరవకండి” అన్న మాటలో ‘క’ ఒక్కటి ఎగిరిపోతే “తలుపు తెరవండి”. తప్పులేని తెలుగు! విన్నవాడికి అనుమానం కూడా రాదు, మర్యాదగా వెళ్ళి తెరిచేస్తాడు. ముట్టుకోకండి, తాగకండి, అన్నీ అదే బాపతు. తమిళంలో ‘తిరక్కాదీంగ’ నుంచి ఏ ఒక్క అక్షరం పీకినా ‘తిరంగ’ రాదు, అందుకని నీ కథలో పక్క గదిలో తమిళవాళ్ళు బతికి మనవాళ్ళు పోవచ్చు, కాస్త అన్యాయమే అనుకో.

ఇంకొకటి. మెదడు దెబ్బతిని మాట పోయినవాళ్ళ గురించి కాస్త చదువు. 1861లో బ్రోకా అనే ఫ్రెంచి డాక్టరు చూసిన పారిస్ రోగి ‘టాన్’ అన్న ముక్క తప్ప దాదాపు ఏమీ అనలేకపోయేవాడు. ఆ రకం జబ్బులో చాలామందికి పెద్ద మాటలు మిగిలి, వాటిని కలిపే చిన్న ముక్కలు జారిపోతాయి. 1874లో వెర్నికె అనే జర్మన్ డాక్టరు చెప్పింది ఇంకో రకం, మాట ధారగా వస్తుంది, అర్థమే ఉండదు. నీ వాచ్‌మన్‌కి ఏది సోకిందో ముందు తేల్చుకో, రెండూ కలిపేశావు.

పెరంబూరు అక్క జవాబు: బోర్డు మీద ‘తెరవకండి’ అని ఎవరు రాస్తారు? ‘తెరవరాదు’ అని కదా ఉండేది! ‘రా’ పోయినా ‘తెరవదు’ అవుతుంది, ఎవడూ చెయ్యి పెట్టడు. ఆఫీసు తెలుగుని ఊరికే తిట్టుకుంటాం గానీ.

తమ్ముడి జవాబు: బోర్డు సరే అక్కా, ప్రాణం మీదికొచ్చినప్పుడు మైకులో అరిచేవాడు ‘తెరవరాదు’ అని అరుస్తాడా?