సర్ఫ్ గిటార్ ‘తడి’ సౌండ్ ఎలా తెప్పించాలి?

ఆరో_తీగ:
బీచ్ ఫెస్ట్‌లో సర్ఫ్ గిటారిస్టు డిక్ డేల్ ‘మిసిర్లూ’ వాయించాలి. స్ట్రాటోకాస్టర్, 9–42 తీగలు (మందం, అంగుళంలో వెయ్యో వంతుల్లో), పెడల్‌లో హాల్ రివర్బ్ (పెద్ద హాల్లో మోగినట్టు ప్రతిధ్వని). స్పీడు పెంచితే అంతా కలగాపులగం అవుతోంది. అరవైల్లో కాలిఫోర్నియా బ్యాండ్లకి ఆ తడి సౌండ్ ఎలా వచ్చేది?

స్ప్రింగ్_పెట్టె:
హాల్ తీసేసి స్ప్రింగ్ రివర్బ్ పెట్టండి, అంటే స్ప్రింగుల అదురుతో వచ్చే ప్రతిధ్వని. 1961లో ఫెండర్ కంపెనీ తెచ్చిన రివర్బ్ విడి పెట్టె, గిటార్‌కీ ఆంప్‌కీ (యాంప్లిఫయర్) మధ్యన ఉండేది. మూడే నాబ్‌లు: స్ప్రింగుల్ని ఎంత గట్టిగా కదపాలో డ్వెల్, ఎంత కలపాలో మిక్సర్, ఇంకోటి టోన్. డ్వెల్ బాగా పెంచి, మిక్సర్ సగం దగ్గర మొదలెట్టండి. అరచేతి అంచు బ్రిడ్జ్ (పిక్ చేతి వైపు తీగలు ఆనే చోటు) మీద ఆన్చి, తీగ అణిచి కొడితేనే నీటిచుక్క పడ్డట్టు పలుకుతుంది. పెడల్ వాడినా గిటార్ వైరు ముందు దానికి, తర్వాతే ఆంప్‌కి వెళ్లాలి, ఆంప్ క్లీన్‌గా (సౌండ్ పగలకుండా) ఉండాలి. నిజం స్ప్రింగ్ పెట్టె దొరికితే ఆంప్ మీద మాత్రం పెట్టొద్దు, స్పీకర్ అదురుకి హోరెత్తుతుంది. పక్కన, కింద మందపాటి స్పాంజ్ వేసి పెట్టండి. చెక్క స్టేజీ మీద ఎవరైనా గెంతినా ధడేల్‌మంటుంది.

పాత_రికార్డు:
చిన్న సవరణ: డేల్ సౌండంతా రివర్బే కాదు. డేల్ 1961 నాటి ‘లెట్స్ గో ట్రిప్పిన్’లో రివర్బ్ లేదు. తడి వినాలంటే షాంటేస్ బ్యాండ్ ‘పైప్‌లైన్’ వినండి. డేల్ బలమంతా తీగల్లోనే: సన్నది 16, లావుది 60! కాలిఫోర్నియా బల్బోవాలో రాండెవూ బాల్‌రూమ్ (డాన్సు హాలు) నిండా జనం, ఆ హోరులో వినబడేలా వాయిస్తే ఆంప్‌లూ స్పీకర్లూ కాలిపోయేవి. అందుకే ఫెండర్ కంపెనీ పెట్టిన లియో ఫెండర్ షోమన్ ఆంప్ చేశాడు, దానికి 15 అంగుళాల జేబీఎల్ స్పీకర్. (ఆ డాన్సులకి పర్మిషన్ కావాలంటే కుర్రాళ్లు టై కట్టాలని షరతు. సర్ఫర్లకి టై!)
మీ 9–42 సెట్ తీగలు గట్టిగా మీటితే శ్రుతి పైకి ఎగిరి దిగుతుంది. 16 అక్కర్లేదు, 11–49 చాలు. నట్ (మెడ పైకొసన తీగలు ఆనే పట్టీ) గాడులు ఇరుకైతే అరగదీయించాలి, గిటార్ వెనక బ్రిడ్జ్‌ని లాగిపట్టే స్ప్రింగ్ ఒకటి అదనంగా తగిలించాలి, నెక్ రాడ్ (మెడ లోపలి కడ్డీ) సరిచూడాలి. ఇవన్నీ ప్రోగ్రాం ముందురోజు పెట్టుకోకండి.

సరళీ_వరుస:
వేళ్ల సంగతి. లావు తీగ ఒక్కదాని మీదే 0 (వదులు తీగ), 1, 4, 5, 7, 8, 11, 12 ఫ్రెట్లు (మెడ మీది మెట్లు). కర్ణాటక సంగీతం నేర్చినవాళ్లకి తెలిసిన మెట్లే, మాయామాళవగౌళ. తూర్పు మధ్యధరా తీరపు పాట కదా. పిక్ కిందికీ పైకీ సమానంగా పడాలి, కదలిక మణికట్టులోనే. మోచేయి బిగిస్తే నిమిషంలో చెయ్యి పట్టేస్తుంది. మెట్రోనోమ్ (లయ యంత్రం) నిమిషానికి 100 బీట్లకి పెట్టి, బీటుకి నాలుగు దెబ్బలతో మొదలెట్టి, 5 చొప్పున పెంచండి. ముందు రివర్బ్ ఆపేసి సాధన చేయండి, దెబ్బలు ఎక్కడ తడబడుతున్నాయో అప్పుడే వినబడుతుంది.