అగ్నిపర్వతం లోపలి కోటలో ఖైదీలు బతికి ఉండగలరా?

నమస్కారం. విశాఖపట్నంలో ఉంటూ మూడేళ్లుగా ఒక కాల్పనిక నవల రాస్తున్నాను. అందులోని చీకటి ప్రభువు రగిలే అగ్నిపర్వతం కడుపులోనే తన కోట కట్టుకుంటాడు. పుట్టి పెరిగింది ఇక్కడే కాబట్టి మొదట కైలాసగిరిని చూసి ఆ పర్వతాన్ని వర్ణించాను. కానీ మన కొండలు లావా గడ్డకట్టి ఏర్పడినవి కావనీ, భూమి లోతుల్లో వేడికీ ఒత్తిడికీ రూపు మారిన ఖోండలైటు రాయి అనీ తెలిశాక ఆ అధ్యాయాన్ని పూర్తిగా తీసేశాను.

బసాల్టు లావా వేడి సుమారు 1,100 నుంచి 1,200 డిగ్రీల సెల్సియస్ ఉంటుందనీ, ఇనుము 1,538 డిగ్రీల దగ్గర కరుగుతుందనీ చదివాను. అంటే లావా తాకిన కోట తలుపులు కరగకపోయినా, ఎర్రగా కాలి మెత్తబడి తమ బరువుకే వంగిపోతాయని రాయవచ్చా?

అంతకన్నా నన్ను ఎక్కువగా వేధిస్తున్నది గాలి సంగతి. అగ్నిపర్వతాల నుంచి వెలువడే కార్బన్ డయాక్సైడ్ గాలికంటే బరువైనది కాబట్టి పల్లపు చోట్ల చేరుతుంది. నా ఖైదీలు ఉండేది అట్టడుగు చెరలోనే. ఒక ముసలి ఖైదీ దివిటీని నేల దగ్గరికి దించగానే మంట సన్నబడి ఆరిపోతుంది. అతడు మారుమాట లేకుండా పక్కనున్న పిల్లవాణ్ణి భుజాల మీదికి ఎత్తుకుంటాడు. నవల మొత్తంలో నాకు అత్యంత ప్రియమైన ఘట్టం ఇదే. ఆ నాలుగడుగుల ఎత్తు పిల్లవాడి ప్రాణం నిజంగా నిలుపుతుందా, నిలిపితే ఎంతసేపు?

భూగర్భశాస్త్రం చదివినవారు, గనుల్లో పనిచేసిన అనుభవం ఉన్నవారు దయచేసి వివరించగలరు.