కొత్తవాడ మగ్గాల మీద డాక్యుమెంటరీ టీవీ వార్తలా వస్తోంది, ఎట్లా?

ఓరుగల్లు కెమెరా:
వరంగల్ కొత్తవాడలో శత్రంజీలు (నేల మీద పరిచే జంపఖానాలు) నేసేవాళ్ల మీద 10 నిమిషాల డాక్యుమెంటరీ తీస్తున్నా. ఇంటర్వ్యూలు ఉన్నాయి, 2018లో జీఐ గుర్తింపు (ఇది ఫలానా ఊరి సరుకే అని ఇచ్చే ముద్ర) వచ్చిన సంగతి చెప్పించాను, మగ్గం క్లోజప్‌లకు లెక్కే లేదు. అన్నీ కలిపి చూస్తే సాయంత్రం బులెటిన్ స్టోరీలాగే ఉంది. మా ఫ్రెండేమో స్లో మోషన్ పెట్టి, వెనక ఒక కవిత చదివించి ఫ్లూట్ వెయ్యి అంటున్నాడు. నాకు మనసొప్పట్లేదు. రోజూ చేసే పనిలోనే కవిత్వం కనిపించాలంటే ఎట్లా తీయాలి?

కాజీపేట ప్యాసింజర్:
ఫ్లూట్ వద్దు తమ్మీ, దండం పెడతా. మగ్గానికి దాని తాళం దానికుంది, నువ్వు మూడేసి సెకన్లకు కట్ చేస్తే అదెక్కడ వినబడుతుంది? పేక (అడ్డపోగు) వేసి, గట్టిగా కొట్టి, మళ్లీ మొదలుపెట్టేదాకా కెమెరా కదపకు. పని ఆగినాక కూడా ఆపకు, తెగిన పోగును చూడకుండానే ముడేయడం, నడుం పట్టుకుని లేవడం, పక్క మగ్గం ఆయన్ని చాయ్‌కి పిలవడం అన్నీ అప్పుడే వస్తాయి. డచ్ దర్శకుడు బెర్ట్ హాన్‌స్ట్రా 1958లో తీసిన ‘గ్లాస్’ చూడు. చిన్న సినిమా, కామెంటరీ లేదు. ముందు నోటితో గాజు ఊదేవాళ్లు, తర్వాత సీసాలు చేసే మిషను. మెడ విరిగిన సీసా ఒకటి అడ్డం పడితే వెనకొచ్చేవన్నీ కిందపడి పగులుతుంటాయి, చివరికి ఒక మనిషి చెయ్యి వచ్చి దాన్ని తీసేస్తుంది. ఆస్కార్ ఊరికే ఇవ్వలేదు.

సిరిసిల్ల సాంచె:
నాకైతే ఈ కవిత్వం అంటేనే అనుమానం. సాంచెల (కరెంటు మగ్గాల) మధ్య పెరిగినోణ్ణి. బయటినుంచి వచ్చినవాళ్లు నూలు దుమ్ములో పడే ఎండను తీస్తారు, చూడ్డానికి బాగుంటుంది, ఆ దుమ్ము పీల్చేవాళ్ల దగ్గు మాత్రం మ్యూజిక్ కింద పోతుంది. దగ్గు ఉంచు. కూలి లెక్క చూసే సీను ఉందా నీ దగ్గర? ఇంటర్వ్యూలో చెప్పించడం కాదు, లెక్క జరుగుతుండగా తియ్యి.

మైకు మనిషి:
పై ఇద్దరితో ఒప్పుకుంటూనే రెండు పని మాటలు. ట్యూబ్‌లైట్ కింద తీస్తే గీతలు కదులుతాయి, మన కరెంటు 50 హెర్ట్జ్ కాబట్టి సెకనుకు 25 ఫ్రేములు తీస్తే షట్టర్ 1/50 సెకను పెట్టు. సౌండ్ విడిగా రికార్డ్ చెయ్యి, మగ్గం దగ్గర, గోడ అవతల, వాకిట్లో. ఎనుమాముల మార్కెట్లో మిర్చి సీజన్ తీసినప్పుడు జెండా పాట (ఆ రోజు రేటు తేల్చే వేలం) హడావుడి అంతా ఎడిటింగ్‌లో తేలిపోయింది. బస్తా మీద కూర్చుని ఇంటికి ఫోన్ చేసి రేటు చెప్తున్న రైతు గొంతు మిగిలింది. ఆయన్ని అడిగాకే వాడాను, అది మర్చిపోవద్దు.

ఓరుగల్లు కెమెరా:
సాంచె అన్నా, లెక్క దగ్గరికి షావుకారు కెమెరాను రానివ్వడు. నేసేవాళ్ల ఇంట్లో ఆ డబ్బులు ఖర్చులకు పంచుకునేటప్పుడు తీస్తానంటే ఆ ఇంటి అమ్మ సరేనంది, కానీ ముందు ఇల్లు సర్దుకోనియ్యి బిడ్డా అంటోంది. సర్దొద్దని ఎట్లా చెప్పాలి?

సిరిసిల్ల సాంచె:
చెప్పకు. సర్దేటప్పటి నుంచే తియ్యి.