షిన్ ఫేన్: ‘మనమే’ అనాలా, ‘మేమే’ అనాలా?

ప్రశ్న:
అందరికీ నమస్కారం. ఐర్లండ్ స్వాతంత్ర్య పోరాటం మీద పిల్లల పత్రికకు వ్యాసం రాస్తూ ‘షిన్ ఫేన్’ అనే ఐరిష్ భాషా పార్టీ పేరు దగ్గర ఆగిపోయాను. ‘షిన్’ అంటే ఉత్తమ పురుష బహువచనం, ‘ఫేన్’ అంటే స్వయంగా అని తెలుసుకున్నాను. కొన్ని ఇంగ్లీషు పుస్తకాల్లో ‘మేము మాత్రమే’ అనే అర్థం ఇస్తున్నారు. తెలుగులో మేమే అనాలా, మనమే అనాలా?

జవాబు:
ముందు ఆ ‘మాత్రమే’ తీసేయండమ్మా. అది ‘షిన్ ఫేన్ అవాన్’ అనే ఇంకో నినాదంలోది. ఇక్కడ ‘ఫేన్’ చేసేది దాదాపు మన ఏకారం చేసే పనే. ‘మే ఫేన్’ అంటే నేనే.

ఇక మేము, మనం సంగతి. ఐరిష్‌లో ఆ తేడా లేదు, ఎదుటివాణ్ణి కలుపుకున్నా వదిలేసినా ‘షిన్’ ఒక్కటే. కాబట్టి ఎవరు ఎవరితో అంటున్నారో చూసుకోవాలి. 1905లో పత్రికా రచయిత ఆర్థర్ గ్రిఫిత్ ఈ పేరుతో తన విధానం ప్రకటించినప్పుడు మాట్లాడింది లండన్‌తో కాదు, సొంత జనంతో. వెస్ట్‌మిన్‌స్టర్‌కు, అంటే లండన్‌లోని బ్రిటిష్ పార్లమెంటుకు, ఎంపీలను పంపడం మానేద్దాం, డబ్లిన్‌లో మన సభ మనమే పెట్టుకుందాం, మన పరిశ్రమలు మనమే నిలబెట్టుకుందాం అన్నాడు. 1867లో ఆస్ట్రియాతో హంగరీ కుదుర్చుకున్న ఏర్పాటు ఆయనకు నమూనా: రాజు ఒకడే, పార్లమెంట్లు రెండు. అంటే అప్పటికి ఇది రిపబ్లిక్ కోరిన పార్టీ కూడా కాదు. ఆ పిలుపుకు ‘మనమే’ తప్ప ఇంకోటి అతకదు.

వ్యాఖ్య:
సార్, మీరు చెప్పింది డబ్లిన్‌లో కూర్చుని వింటే బాగానే ఉంటుంది. ఉత్తరాన అల్‌స్టర్ ప్రాంతంలోని బెల్‌ఫాస్ట్‌లో ఓ ప్రొటెస్టెంట్ ఓడల కార్మికుడి చెవికి అది ‘మేమే’ అనే వినపడింది. 1912 సెప్టెంబర్ 28న, ఐర్లండ్‌కు సొంత పాలన (హోమ్ రూల్) ఇవ్వొద్దన్న అల్‌స్టర్ ఒడంబడికా, దానితో పాటు ఆడవాళ్ల కోసం పెట్టిన ప్రకటనా కలిపి నాలుగున్నర లక్షలకు పైగా సంతకాలు పడ్డాయి. హోమ్ రూలే వద్దన్నవాళ్లు ఈ ‘మనం’లో ఎలా ఉంటారు? నా ఓటు ‘మేమే’కి.

జవాబు:
బాబూ, మతాన్ని బట్టి గీత గీస్తే లెక్క తప్పుతుంది. 1791లో యునైటెడ్ ఐరిష్‌మెన్ అనే సంఘాన్ని నిలబెట్టిన వాళ్లలో ఉల్ఫ్ టోన్ ప్రొటెస్టెంటే. హోమ్ రూల్ నాయకుడు, భూస్వామి పార్నెల్ ప్రొటెస్టెంటే. 1893లో ఐరిష్ భాష కోసం గేలిక్ లీగ్ పెట్టిన డగ్లస్ హైడ్ ప్రొటెస్టెంట్ మతగురువు కొడుకు. భాష అందరిదీ, దాన్ని రాజకీయాల్లోకి లాగొద్దని ఆయన పట్టు. 1915లో లీగ్ రాజకీయాల వైపు మొగ్గగానే అధ్యక్ష పదవి వదిలేశాడు. నన్నడిగితే ‘మనం’ అనే మాటను అంత నిజాయితీగా వాడినవాడు ఆ తరంలో ఇంకొకడు లేడు.

వ్యాఖ్య:
మధ్యలో దూరుతున్నందుకు ఏమనుకోకండి. మన వి.వి.గిరి గారు 1913లో లా చదవడానికి వెళ్లింది డబ్లిన్‌కే. 1916లో అక్కడ బ్రిటిష్ పాలన మీద జరిగిన తిరుగుబాటు తర్వాత ఆ దేశం వదిలి రావలసి వచ్చింది.

ప్రశ్న అడిగినవారు:
అయితే ఆ తిరుగుబాటు చేసింది షిన్ ఫేన్ వాళ్లేనా సార్?

జవాబు:
కాదమ్మా. ఐరిష్ వాలంటీర్లు, కార్మికుల దళమైన సిటిజన్ ఆర్మీ, వాళ్ల వెనక ఐఆర్‌బీ (ఐరిష్ రిపబ్లికన్ బ్రదర్‌హుడ్) అనే రహస్య సంఘం చేసిన పని అది. గ్రిఫిత్ పార్టీకి అందులో పాత్ర లేదు. అధికారులు, పత్రికలు మాత్రం ‘షిన్ ఫేన్ తిరుగుబాటు’ అని పేరు పెట్టేశారు. మే నెలలో పదిహేను మందిని కాల్చి చంపేసరికి, అంతవరకు తిరుగుబాటుదారులను తిట్టుకున్న జనం కూడా ఇటు తిరిగారు. పేరు మాత్రం ప్రభుత్వం పుణ్యమా అని ముందే సిద్ధంగా ఉంది! 1917లో ఆ తిరుగుబాటులో పోరాడిన డి వలేరా షిన్ ఫేన్ అధ్యక్షుడయ్యాడు, రిపబ్లిక్ లక్ష్యమైంది. 1918 ఎన్నికల్లో 105 సీట్లలో 73 వాళ్లవే.

మీరు అడిగిన ‘మనమే’, ‘మేమే’ మాటకు అసలు పరీక్ష ఆ తర్వాత వచ్చింది. 1919 జనవరి 21న డబ్లిన్ మాన్షన్ హౌస్‌లో సొంత పార్లమెంటు ‘డాల్’ పెట్టారు. ఐర్లండ్‌లో గెలిచిన ప్రతి ఎంపీకీ, అంటే బ్రిటన్‌తోనే కలిసి ఉండాలన్న యూనియనిస్టులకు కూడా, ఆహ్వానం పంపారు. వాళ్లు రాలేదు. అయినా హాజరు తీసుకున్నప్పుడు వాళ్ల పేర్లూ పిలిచారు. వాళ్ల నాయకుడు ఎడ్వర్డ్ కార్సన్ పేరు రాగానే సభలో నవ్వులు. జైల్లో ఉన్న సొంత సభ్యుల పేర్లకు ‘పరాయివాళ్ల చెరలో’ అనీ, యూనియనిస్టుల పేర్లకు ఉత్త ‘గైర్హాజరు’ అనీ జవాబు. ఆ రోజు హాజరైన షిన్ ఫేన్ సభ్యులు 27 మందే.

వ్యాఖ్య:
పేరు పిలిచి నవ్వితే అది ‘మనం’ ఎలా అవుతుంది సార్? మరుసటి ఏడాదే దేశాన్ని రెండు ముక్కలు చేసే చట్టం వచ్చింది. నేను ‘మేమే’ దగ్గరే ఉన్నాను.

జవాబు:
ఉండు బాబూ, తప్పులేదు. విభజన చట్టం చేసింది లండన్‌లో, ఆ హాజరు పట్టీ రాసింది డబ్లిన్‌లో. నేను పట్టీనే చూస్తాను.

ప్రశ్న అడిగినవారు:
1905 దగ్గర ‘మనమే’ అని పెడుతున్నాను. అల్‌స్టర్ పేరాలో ‘మేమే’ అని వాళ్లకు వినిపించిందని రాస్తాను. హాజరు పట్టీ సంగతి బాక్స్ కట్టిస్తా, పిల్లలకు నచ్చుతుంది. స్పెల్లింగ్ సిన్ అనా, షిన్ అనా?

జవాబు:
షిన్. ఐరిష్‌లో ఇ, ఎ అచ్చుల పక్కన ఎస్ వస్తే ‘ష’ పలుకుతుంది. షాన్ అనే పేరూ అంతే.